నేను పెట్టిన నెనితక్క ఫొటో

పక్కింట్లో ఎవరో మాంసంలో వెల్లుల్లి, వెనిగర్ వేసి ఉడికిస్తున్నారు. ఆ పులుపు ముక్కుకు తగిలితే, అలాంటి కూరే వండిపెట్టే నెనితక్క గుర్తొస్తుంది, వెంటనే నా మీద నాకే కోపం వస్తుంది. క్రైస్ట్‌చర్చ్ వృద్ధాశ్రమంలో నాకు పని నేర్పింది ఆమె. తన ఇంట్లో ఓ గది ఇచ్చిందీ ఆమే. ఫిలిప్పీన్స్‌లో నర్సుగా చేసిన మనిషి, ఇక్కడ రిజిస్ట్రేషన్ రాక నాలాగే కేర్‌గివర్. "ఒళ్లు తుడిచేటప్పుడు తుడిచే చోటే తియ్యి, మిగతాదంతా కప్పి ఉంచు. ముసలివాళ్లకీ సిగ్గుంటుంది" అనేది.

ఆమెకూ కప్పి ఉంచుకోవలసింది ఒకటుందని నాకు తెలియదు. తాను ఇక్కడ ఆస్పత్రిలో నర్సునని ఊళ్లో ఉన్న తల్లికి చెప్పింది. తల్లి వీధంతా చాటుకుంది. ఆ ఏడు ఉత్తమ కేర్‌గివర్ బహుమతి ఆమెకే వచ్చింది. నేను పొంగిపోయి, సర్టిఫికెట్ పట్టుకున్న ఆమె ఫొటో ఫేస్‌బుక్‌లో పెట్టి ట్యాగ్ చేశాను. తెల్లారేసరికి చుట్టాలంతా దాని కిందే ఉన్నారు. 'నర్సమ్మ డైపర్లు మారుస్తోందా' అని ఆమె మేనకోడలు వాళ్ల భాషలో రాసి నవ్వు బొమ్మలు పెట్టింది. దాని అర్థం నాకు నెనితక్కే చెప్పింది.

"తీసేస్తానక్కా" అన్నాను ఏడుస్తూ.

"వద్దు. తీస్తే వాళ్లకి ఇంకా రుచి. మా పిన్ని నోట్లో నువ్వుగింజ నానదు. అయినా అప్పట్లో ఓ మాట ఊరంతా తిరగడానికి నెలలు పట్టేది. ఈలోగా ఏదో సర్దుకునేవాళ్లం" అంది.

తల్లి ఆమె ఫోన్ ఎత్తడం మానేసింది. రెండేళ్ల పాటు ప్రతి ఆదివారం ఈమె చేస్తూనే ఉంది, అది మోగి మోగి ఆగిపోయేది.

తల్లి పోయేనాటికి ఈమె పాస్‌పోర్టు వీసా ఆఫీసులో ఉండిపోయింది. ఎవరో కజిన్ అంత్యక్రియలను ఫేస్‌బుక్ లైవ్‌లో పెడితే, స్టాఫ్ రూమ్‌లో ఇద్దరం చూశాం. శవపేటిక పక్కన పూలచక్రం, దాని రిబ్బన్ మీద పిల్లల పేర్లు. నెనిత పేరు పక్కన 'రిజిస్టర్డ్ నర్సు' అని ఉంది. పోయేముందు అమ్మే అలా రాయమందని తమ్ముడు మెసేజ్ పెట్టాడు. లైవ్ కింద అప్పటికే నవ్వు బొమ్మలు మొదలయ్యాయి.

"అమ్మ కోపం పోయిందేమో అక్కా" అన్నాను.

"నాతో మాట్లాడలేదు. వీధితో మాత్రం చివరిదాకా మాట్లాడింది" అంది. ఏదో గదిలో బెల్ మోగితే లేచి వెళ్లిపోయింది.

నన్ను ఆమె ఎప్పుడూ ఒక్క మాట అనలేదు. అని ఉంటే కొంత తేలికపడేదాన్ని. తర్వాత పరీక్షలన్నీ రాసి నేను నర్సునయ్యాను. యూనిఫాంలో ఫొటో పంపమని గుంటూరు నుంచి అమ్మ అడుగుతూనే ఉంది. ఇంతవరకూ పంపలేదు.