నల్లబండపల్లి తోపు, తిప్పేస్వామి బొటనవేలు

గురువారం సాయంత్రం కాలేజీ వర్క్‌షాపులో గ్రీజు చేతులు కడుక్కుంటూ ఉంటే ఫోన్ మోగింది. “మేడమ్, మా ఊర్లో ఫ్రెంచోళ్ళ తోపు ఉండాది. సోమవారం దాని నోట్లో సిమెంటు పోస్తాండారు. ఆదివారం మీరు రావల్ల,” అన్నాడు మారెన్న. అతను మా పాలిటెక్నిక్‌లో నా దగ్గర మెకానికల్ డిప్లొమా చదివి, ఇప్పుడు రాయదుర్గంలో వెల్డింగ్ షాపు నడుపుకుంటున్నాడు. తోపు అంటే ఫిరంగి. లోహాన్ని తొలిచే బోరింగ్ మిషన్ పాఠం మొదలుపెట్టినప్పుడల్లా నేను ఫ్రెంచి ఫిరంగుల కథలోకి జారిపోయి గంట కొట్టేదాకా బయటికి రాననే సంగతి అతను మరిచిపోలేదు. వాళ్ళ ఊరు నల్లబండపల్లిలో తిప్పేస్వామి అనే పెద్దాయన కుటుంబం ఆ తోపు ఫ్రెంచివాళ్ళదని తరతరాలుగా చెబుతోందట. అది అంగన్‌వాడీ పక్కనే ఉంది. ఎండాకాలంలో దాని నోట్లోంచి నాగుపాము బయటికొచ్చింది. సర్పంచి ఓబుళమ్మ భయపడి నోరు మూసేయిద్దామంది. పెద్దాయన బతిమాలితే ఒక్క మాట ఇచ్చింది: తెలిసినవాళ్ళు వచ్చి ఫ్రెంచిదేనని చెబితే ముట్టుకోరు, ఉత్త ఇనుప గొట్టమైతే సిమెంటే. ఆ తెలిసినవాళ్ళు నేనని మారెన్న ముందే చాటేశాడు.

“ఆదివారం నాడు లోకమంతా సినిమాకో హోటల్‌కో పోతుంది, నువ్వు గొట్టాలు చూడ్డానికి పో,” అన్నారు మా ఆయన. నేను పట్టించుకోలేదు. గొట్టాల లావు కొలిచే కాలిపర్సు, టార్చి, టేపు, రెండు నీళ్ళ సీసాలు సంచిలో పడేసుకుని, ఉదయం ఆరింటికి అనంతపురం బస్టాండులో కళ్యాణదుర్గం మీదుగా పోయే రాయదుర్గం బస్సెక్కాను. మూడు గంటలు అనుకుని బయల్దేరండి, రెండున్నరకే చేరితే మీ అదృష్టం. కుడివైపు కిటికీ దగ్గర కూర్చోకండి, పొద్దున ఎండ మెడ మీద కొడుతుంది. నేను కూర్చుని అనుభవించాను. జూన్ మొదటివారం, దుక్కి దున్నిన ఎర్రనేల ఎంత దూరం చూసినా ఖాళీగా ఉంది. ఒక్క వాన పడింది, ఇంకొకటి పడితే చెనిక్కాయ, అదే వేరుశనగ, విత్తుదామని ఊళ్ళకు ఊళ్ళే పైకి చూస్తున్నాయి. రాయదుర్గంలో దిగి బస్టాండు ఎదురుగా బొరుగుల ఉగ్గాని, మిరపకాయ బజ్జి తిన్నాను. నలభై రూపాయలకు కడుపు నిండి, నోరు మండి, కళ్ళు తెరుచుకున్నాయి.

అక్కడినుంచి ఆ ఊరికి దగ్గర్లోని గుమ్మఘట్ట దాకా బస్సులు ఉన్నాయి గానీ ఆదివారం వాటిని నమ్మలేం. నల్లబండపల్లికి ఆటో మాట్లాడుకున్నాను. డ్రైవరు నా సంచిలోంచి తొంగిచూస్తున్న కాలిపర్సు చూసి, “ఏం పని మీద పోతాండావక్కా? బోరు పాయింటు చూసేదానికా?” అన్నాడు. తోపు చూడ్డానికని చెప్పాను. “దాన్ని చూసేకి మూడొందలు పెట్టుకోని పోతాండావా? మా అత్తగారూరే అది. నేను దాని మింద కూచ్చోని బీడీలు తాగినా,” అన్నాడు. ఫ్రెంచిదేనా అనడిగితే, “తిప్పేస్వామి మామ అట్లంటాడు. ఆయప్ప శానా అంటాడులే,” అని నవ్వాడు. దారిలో సగం బోర్డులు తెలుగు, సగం కన్నడం. ఆ అబ్బాయి ఫోన్లో ఒక భాషలో మొదలుపెట్టి ఇంకో భాషలో ముగిస్తుంటే వినడం సరదాగా ఉంది.

పదింటికి చేరాను. ఊరి పడమట కూలిన బురుజు, దాని కింద రాతి దిమ్మె మీద తోపు, పది అడుగుల దూరంలో అంగన్‌వాడీ గోడ. సిమెంటు మూటలు అప్పుడే వచ్చి గోడకు ఆనించి ఉన్నాయి. మారెన్న, ఓబుళమ్మ, ఇంకో ఇరవైమంది నా కోసం కాచుకుని ఉన్నారు. తిప్పేస్వామి తెల్లపంచె, ఉతికిన చొక్కా వేసుకుని తోపు వెనకవైపు నిలబడ్డాడు. డెబ్బై దాటి ఉంటాయి. “మా ఇంటిపేరే గోలందాజు తల్లీ. తోపు పేల్చేటోడని అర్థం,” అని చెప్పి, నా చేతి సంచి తనే అందుకున్నాడు. పెళ్ళిచూపుల్లో పిల్ల తండ్రిలాగా ఉంది ఆయన ధోరణి.

ఇక్కడ రెండు ముక్కలు ఫ్రెంచి ఫిరంగుల గురించి చెప్పకపోతే నా ప్రాణం ఊరుకోదు. పూర్వం ఏ కొలిమి ఫిరంగి ఆ కొలిమిదే. ఒకదాని గుండు ఇంకొకదానికి పట్టదు, ఒకదాని చక్రం ఇంకొకదానికి రాదు. పద్దెనిమిదో శతాబ్దంలో ఫ్రెంచివాళ్ళు దీన్ని చక్కదిద్దారు. గొట్టాన్ని బోలుగా పోతపోయడం మానేసి, నిండు దిమ్మెగా పోసి, తర్వాత మిషన్ మీద తొలిచారు. లోపల తిన్నగా, నున్నగా వచ్చింది. గుండుకీ గొట్టానికీ మధ్య సందు తగ్గింది, తక్కువ తుపాకిమందుతోనే గుండు దూరం పోయింది. మందు తగ్గితే గోడ పల్చన చేయొచ్చు, గోడ పల్చనైతే బరువు తగ్గుతుంది. బరువు తగ్గాక ఫిరంగి కోటలో కూర్చోవడం మానేసి యుద్ధంలో సిపాయిలతోపాటు నడిచింది. కొలతలు నాలుగైదు రకాలకు కుదించి, విడిభాగాలన్నీ ఒకే తీరుగా చేశారు. మూతి ఎత్తు సరిచేయడానికి చెక్క ముక్కలు దోపే బదులు తిప్పే మరమేకు పెట్టారు. దక్కన్‌లో నిజాం కొలువులోనూ మైసూరు సుల్తాన్ల దగ్గరా ఫ్రెంచివాళ్ళు పనిచేశారు, మనవాళ్ళకు తర్ఫీదు ఇచ్చారు. రాయదుర్గం చుట్టుపక్కల దండ్లు నడవని దారి లేదు. కాబట్టి పెద్దాయన మాట నిజం కావడానికి అవకాశం ఉంది. ఆ ఆశతోనే నేను అంతదూరం పోయాను.

టార్చి వేసి నోట్లోకి చూడగానే నా ఆశ చచ్చిపోయింది. ఫ్రెంచివాళ్ళ యుద్ధభూమి ఫిరంగి కంచుది. పైన ఎత్తడానికి రెండు పిడులు, ఒంటి మీద ముద్రలు ఉంటాయి. ఇది ఇనుము. అదీ పోత కాదు. ఇనుప పట్టీలు కట్టకట్టి, పైన కాల్చిన కడియాలు ఎక్కించి బిగించారు. బండిచక్రానికి పట్టా ఎక్కించినట్టే. మూతి దగ్గర ఒక కొలత, జానెడు లోపల ఇంకో కొలత. ఏ ఊరి కమ్మరో ఎంతో కష్టపడి చేసిన పని. గొప్ప పనే, కానీ ఫ్రెంచిది కాదు.

అక్కడ నేను చేసిన తప్పు ఒప్పుకోవాలి. క్లాసులో మార్కులు చదివే అలవాటు కొద్దీ, అందరి ముందూ గట్టిగా, “ఇది ఫ్రెంచిది కాదండీ. ఇక్కడి కమ్మరి చేసిందే,” అనేశాను. పెద్దాయన్ని పక్కకు పిలిచి చెప్పొచ్చు, చెప్పలేదు. ఎవరో కిసుక్కున నవ్వారు. తిప్పేస్వామి నా మొహంలోకి చూసి, “అంటే మా నాయన అబద్ధం చెప్పినాడా తల్లీ?” అన్నాడు. కోపంగా అనలేదు. నిజంగానే అడిగాడు. నాకు సిగ్గేసింది.

ఓబుళమ్మకీ సంతోషం లేదు. “నేనేం చేసేది మామా? పిల్లోళ్ళు తిరిగే జాగా. మాట అనుకున్నాం గదా. రేపు పని మొదులుపెట్టిస్తా,” అంది. ఆయన తలూపాడు. “సరే పాప. ఈ పొద్దు తోపు కడిగే దినం. కడగనీ. కడాసారిది,” అన్నాడు.

తోపు కడగడం ఆ ఊళ్ళో విత్తనాలకు ముందు ఆదివారం చేసే ఆచారమట. నేను దిమ్మె పక్కన కూర్చుని నీళ్ళు తాగుతూ, మనసు పాడుచేసుకుని, సరిగ్గా చూడను కూడా లేదు మొదట. తిప్పేస్వామి మొలలోంచి మేకతోలు తొడుగు తీసి కుడిచేతి బొటనవేలికి వేసుకున్నాడు. తోపు వెనకభాగంలో, పైన, వత్తి అంటించే చిన్న చిల్లు మీద ఆ వేలు పెట్టి అదిమాడు. ఆయన బావమరిది ఎర్రిస్వామి మూతికి కుడిపక్కన నిలబడి, పొడుగు కర్రకు చుట్టిన గొర్రెతోలును బకెట్లో ముంచి గొట్టంలోకి తోశాడు, తిప్పాడు, లాగాడు. ఎడమపక్క మనిషి విత్తనం చెనిక్కాయల చిన్న బట్టమూట మూతిలో పెట్టాడు. ఎర్రిస్వామి కర్ర రెండో కొసతో దాన్ని చివరిదాకా కూరాడు. అప్పుడుగానీ పెద్దాయన వేలు తీయలేదు. తుమ్మముల్లు ఆ చిల్లులో దించి లోపలి మూటను పొడిచాడు. మూతి దగ్గరి ఇద్దరూ పక్కకు పెద్ద అంగ వేసి జరిగారు. పెద్దాయన పొగలొస్తున్న తాడు చిల్లుకు తాకించాడు, ఊరంతా ఒక్కసారిగా “ఢాం!” అని అరిచింది.

నా చేతిలో నీళ్ళసీసా ఒలికిపోయింది. “ఆగండి ఆగండి! మళ్ళీ చేయండి!” అని నేను అరిచిన అరుపు ఆ ఢాం కన్నా పెద్దదని మారెన్న ఇప్పటికీ అంటున్నాడు. కొక్కెం కర్రతో మూట బయటికి లాగి మళ్ళీ మొదటినుంచీ చేశారు. అవే అడుగులు, అదే వరస. నేను పుస్తకాల్లో చదివిన తెల్లవాళ్ళ ఫిరంగి దళాల కవాతు అచ్చం ఇదే. వాళ్ళు పక్కకు అంగ వేసింది ఎందుకు? ఆ చోట ఫిరంగిబండి చక్రం ఉండాలి. చక్రాలు ఎప్పుడు పోయాయో ఊళ్ళో ఎవరికీ తెలియదు, కాళ్ళు మాత్రం ఇంకా వాటిని తప్పించుకుంటున్నాయి.

“పెద్దాయనా, ఆ వేలెందుకు పెడతారు?” అని అడిగాను.

“తెలీదు తల్లీ. తీస్తే మా నాయన ఈపు మింద ఏసేటోడు.”

నేను చెప్పాను. ఒక గుండు పేల్చాక గొట్టంలో నిప్పురవ్వలు మిగులుతాయి. తడి గొర్రెతోలు పెట్టేది వాటిని ఆర్పడానికే. ఆ చిల్లు తెరిచి ఉంటే గాలి ఆడి, రవ్వ రగిలి, మందుమూట కూరుతున్నప్పుడే పేలిపోతుంది. అందుకే వేలు అదిమి గాలి ఆపుతారు. ఆ వేలు ఒక్క క్షణం తొలగితే, కర్ర పట్టుకున్న మనిషి రెండు చేతులూ పోతాయి. ఫిరంగి దళాల్లో ఇది ప్రాణం మీది పని.

తిప్పేస్వామి తన బొటనవేలు చూసుకున్నాడు. తర్వాత ఎర్రిస్వామి చేతులవైపు చూశాడు. ఎర్రిస్వామి కర్ర కింద పెట్టి, “ఏం బావా, నలభై ఏండ్లుగా నా చేతులు నీ ఏలి కిందనా ఉండేది? నీకు బాకీ కూడా ఉండానే నేను! తెలిసుంటే తొందరగా తీర్చేటోన్ని గదప్పా!” అన్నాడు. అందరూ పడీపడీ నవ్వారు. తిప్పేస్వామి నవ్వుతూనే పైపంచెతో కళ్ళు తుడుచుకున్నాడు.

“మీ నాయన అబద్ధం చెప్పలేదు,” అన్నాను, ఈసారి కూడా అందరి ముందే, గట్టిగా. “ఈ తోపు ఇక్కడిది. ఈ పని తెల్లవాళ్ళ దండులో నేర్చింది. ఫ్రెంచివాళ్ళే నేర్పారని రుజువు లేదు, ఇంగ్లీషు దండులోనూ దాదాపు ఇలాగే చేసేవారు. కానీ మీ ఇంట్లో ఫ్రెంచివాళ్ళని చెప్పుకుంటున్నారు, ఇక్కడ వాళ్ళు తిరిగారు. నేనైతే మీ మాటే నమ్ముతాను.”

అందరూ ఓబుళమ్మవైపు తిరిగారు. ఆమె సిమెంటు మూటలవైపు చూసి, “నోరు మూసేస్తే ఈ పని యాడ చేస్తారు? పాము రాకుంటే సాలు నాకు. మారెన్నా, దీనికి మూత చేసేకి అయితాదా?” అంది. మారెన్న అప్పటికే నా టేపు లాక్కుని మూతి కొలుస్తున్నాడు. మడతబందుతో ఇనుప మూత, చిన్న తాళం, తాళంచెవి తిప్పేస్వామి దగ్గర. వెనకాల చిల్లుకు చెక్క బిరడా. బేరం అక్కడికక్కడే కుదిరింది. సిమెంటు అంగన్‌వాడీ మెట్లకు పోయింది.

ఓబుళమ్మ ఇంట్లో భోజనం పెట్టారు. రాగి సంగటి, చెనిక్కాయల ఊరుబిండి పచ్చడి, వంకాయ పులుసు, నాకోసం ఓళిగలు, అంటే బొబ్బట్లు, కూడా. మూడో ఓళిగ వద్దన్నందుకు ఆమెకు కోపం వచ్చింది, తిన్నాక నాకు నిద్ర వచ్చింది. సాయంత్రం నాలుగున్నరకు రాయదుర్గంలో బస్సు దొరికితే ఏడున్నరకల్లా అనంతపురంలో ఉండొచ్చు. బయల్దేరేముందు ఓబుళమ్మ తోపు దగ్గర బోర్డు పెట్టిస్తానంది. “ఏం రాయించల్ల మామా? ఫ్రెంచోళ్ళ తోపు అనేనా?” అని అడిగింది. ఆయన నావైపు చూశాడు. నేను సంచి సర్దుకున్నాను. అనాల్సినవి ఆ రోజుకు చాలానే అన్నాను.

“వద్దు పాప,” అన్నాడు తిప్పేస్వామి. “తోపు మనూరి కమ్మరిది. ఆయప్ప పేరు తెలీదు గదా, మనూరి కమ్మరి అని రాయి. కింద, దీని పని తెలిసినోళ్ళు ఈ ఊర్లో ఉండారని రాయి.”

పదిహేనేళ్ళుగా ఫిరంగుల్ని కొలతలతో చదువుతున్నాను. ఎంత బరువు, ఎంత లావు, ఎంత దూరం. ఒక్కో ఫిరంగి చుట్టూ అరడజను మంది నిలబడేవారనీ, ఒకడి చేతులు ఇంకొకడి వేలిని నమ్ముకుని ఉండేవనీ నాకు తెలుసు, పాఠంలో చెప్పాను కూడా. కానీ ఆ నమ్మకాన్ని కళ్ళతో చూడలేదు. కర్ర తోస్తున్నప్పుడు ఎర్రిస్వామి ఒక్కసారి కూడా వెనక్కి తిరిగి చూడలేదు. యుద్ధం లేదు, మందు లేదు, రవ్వ లేదు, అయినా బావ వేలు అక్కడే ఉంటుందని అతనికి తెలుసు. దాన్ని కొలిచే పనిముట్టు నా దగ్గర లేదు, లేనందుకు నాకు ఎంతో సంతోషంగా ఉంది.

వెళ్ళాలనుకునేవారికి ఒక్క సలహా: తోపు కడిగే రోజుకు తేదీ ఉండదు, వాన చెబుతుంది. జూన్ మొదట్లో రాయదుర్గంలో ఏ విత్తనాల అంగడికైనా పోయి, నల్లబండపల్లివాళ్ళు చెనిక్కాయ విత్తనం కొన్నారా అని అడగండి. కొన్నారంటే, వచ్చే ఆదివారం పదింటికల్లా అక్కడ ఉండండి, ఢాం అనడానికి గొంతు సిద్ధం చేసుకుని.