మాస్టారు వేసిన స్టార్లు

టైరు పేలి బస్సు రోడ్డు పక్కకు ఒరిగి ఆగిపోయింది. అందరూ డ్రైవరును తిట్టుకుంటూ దిగారు. నా పక్క సీట్లో కూర్చున్నావిడ మాత్రం ఎవరినీ ఏమీ అనలేదు. నీలం ప్లాస్టిక్ పెట్టె ఒకటి గుండెలకు హత్తుకుని దిగి, ఫోనులో టైము చూసుకుని, ఎండలోకి చూసి, చివరికి నా వైపు తిరిగింది.

"బాబాయి గారూ, మీకు అర్జెంటు పనేమైనా ఉందా?"

నాకు అర్జెంటు పనంటూ ఉండి ముప్ఫై ఏళ్లు దాటింది. ఆ మాటే చెప్పాను.

"అయితే నాతో నడవండి. రెండు కిలోమీటర్లు కూడా ఉండదు. ఒక మాట సాయం కావాలి."

తిరుగుళ్లలో నన్ను దారి అడిగినవాళ్లున్నారు, అగ్గిపెట్టె అడిగినవాళ్లున్నారు. సాక్షి సంతకం కావాలని రైల్లోంచి దింపేసిన పెళ్లికొడుకు కూడా ఒకడున్నాడు. మాట సాయం అడిగినవాళ్లు మాత్రం లేరు. నడిచాను.

ఆవిడ నర్సు. ఇళ్లకు వెళ్లి పుండ్లకు కట్లు మారుస్తుంది. పదకొండేళ్లు ఒక ఆస్పత్రి డ్రెస్సింగ్ గదిలో చేసింది. ఒకరోజు పొద్దున్న వెళ్లేసరికి ఆ గదికి తాళం ఉంది. కట్టు మార్పించుకోవాలంటే యాప్‌లో బుక్ చేసుకోండని తలుపు మీద కాగితం అంటించారు. గదిలోని నర్సులందరూ ఆ యాప్‌లోకి చేరారు. వరసగా ఫొటోలు, ఫొటో కింద పేరు, పేరు కింద స్టార్లు. జనం వంకాయలు ఏరుకున్నట్టు వేలితో పైకీ కిందికీ తోసి ఏరుకుంటారట.

చిన్నప్పుడు ఒక రేవు పట్నంలో పళ్లు పీకేవాణ్ని చూశాను. పీకిన పళ్లన్నీ దండ గుచ్చి మెళ్లో వేసుకుని వీధి చివర నిలబడేవాడు. దండ ఎంత పొడుగైతే జనానికి అంత నమ్మకం. ఈ సంగతి చెబితే ఆవిడ నవ్వింది.

"అతనిది సుఖం బాబాయి గారూ. ఎక్కిన పన్ను మళ్లీ దిగదు. మాకు దిగుతుంది."

దిగడమే వచ్చిన కష్టం. చివరి ముప్ఫై విజిట్లకు పడిన స్టార్లన్నీ కలిపి యాప్ ఒక సగటు కడుతుంది. అది ఒక గీత కిందికి పోతే పేరు జాబితాలోంచి పోతుంది. మళ్లీ ఎక్కాలంటే రెండు నెలలు ఆగి కొత్తగా ట్రైనింగు తీసుకోవాలి. ఎవరు ఎన్ని వేశారో మాత్రం చెప్పరు. రెండు వారాలుగా ఈవిడ సగటు అలా జారుతూనే ఉంది. తుమ్మినందుకా, ప్లాస్టరు లాగినప్పుడు వెంట్రుకలు ఊడినందుకా అని తల బద్దలు కొట్టుకుంది. తలకు నూనె రాయడం మానేసింది, వాసన పడదేమోనని. అద్దం ముందు మాస్కు కట్టుకుని కళ్లతోనే నవ్వడం ప్రాక్టీసు చేసింది.

అసలు సంగతి పోయినసారి విజిట్లో బయటపడింది. రిటైరైన హెడ్మాస్టరు ఒకాయనకు స్టూలు మీంచి పడి మోకాలి కింద దోక్కుపోయింది. మూడు రోజులకోసారి కట్టు మార్పు. ఆ రోజు ఆయనే ఆప్యాయంగా అన్నాడట: "నీకు ప్రతిసారీ ఒకటే వేస్తున్నానమ్మాయ్. నా సర్వీసు మొత్తంలో వరసగా ఐదుసార్లు ఒకటో ర్యాంకు ఇంకెవరికీ ఇవ్వలేదు."

"మరి అక్కడే చెప్పలేకపోయావా?" అన్నాను.

చెప్పకూడదట. ఇంట్లోకి వెళ్లి 'చేరాను' నొక్కగానే ఆవిడ ఫోను అక్కడి మాటలు వినడం మొదలుపెడుతుంది, రోగి భద్రత కోసమని. రోగి స్టార్లు వేస్తేనే విజిట్ ముగుస్తుంది, అంతవరకూ అది వింటూనే ఉంటుంది. స్టార్లు అడిగినట్టు వినబడితే ఇక అంతే. ఈవిడ తోటి నర్సు ఒకామె ఒక ఇంట్లో "ఐదు వెయ్యండి అత్తయ్యా" అందట. మెట్లు దిగేసరికి ఆమె పేరు లేదు. బుకింగ్ లేకుండా రోగి ఇంటికి వెళ్లడం, ఫోను చేయడం అంతకంటే పెద్ద నేరం.

ఇంట్లో ఆవిడ తల్లికి పక్షవాతమొచ్చి ఒక పక్క పడిపోయింది. నర్సు బయటికి వచ్చినంతసేపూ తల్లి దగ్గర కూర్చునే అటెండెంటు పిల్ల కూడా ఈ యాప్ నుంచే వస్తుంది. జాబితాలో పేరున్న నర్సులకు అదొక సదుపాయం. ఆ పిల్ల మంచం పక్కన కూర్చుని తన ఫోనులోంచి తల ఎత్తదు. అయినా ఈవిడ రోజూ ఐదు వేస్తుంది. "వెయ్యకపోతే దాని పేరు పోతుంది. దానింట్లో ఏ మంచం మీద ఎవరున్నారో నాకేం తెలుసు?" అంది.

నా మోకాళ్ల నొప్పుల వల్ల నడక నత్తనడకైంది. ఆవిడ రెండడుగులు ముందుకు వేసి ఒకడుగు నా కోసం ఆగుతోంది.

"ఇవాళ ఐదు పడితే గీత మీద నిలబడతాను. లేదంటే ఇవాళ్టితో సరి. మీరు పెద్దవారు, ఊసుపోక చెప్పినట్టు ఐదే పెద్దదని ఆయనకి చెప్పండి. నా పేరెత్తకండి, ఉద్యోగం మాట అసలే వద్దు."

ఇంతేనా అనుకున్నాను. దేశాలు పట్టుకు తిరిగినవాణ్ని, ఒక పంతులుకు ఐదంకె చెప్పలేనా?

మాస్టారిది మూడో అంతస్తు. గదిలో పుస్తకాలకంటే పరీక్ష అట్టలే ఎక్కువ ఉన్నాయి, కిటికీ దాకా పేర్చి. ఆయన కాలు చాపుకుని పడకకుర్చీలో ఉన్నాడు. నర్సు 'చేరాను' నొక్కి ఫోను బల్ల మీద పెట్టింది. తెర మీద ఒక ఎర్ర చుక్క వెలిగింది. నన్ను చూపించి, మా బాబాయి గారు, కాసేపు కూర్చుంటారంది. మాస్టారి భార్య నాకు మంచినీళ్లిచ్చింది.

నర్సు పాత కట్టు మీద సెలైను పోసి, అది నానేదాకా ఆగి, పొర పొరగా విప్పింది. ఆయన ముఖంలో గీత కూడా కదల్లేదు. లోపలి నుంచి బయటికి తుడిచి, మందు రాసి, గుడ్డ వేసి, కింద నుంచి పైకి చుట్టుకొచ్చింది. నేను చూసిన చేతుల్లో అంత నెమ్మదైన చేతులు తక్కువ. అప్పుడు మాస్టారి ఫోను మోగింది. ఐదు ఖాళీ స్టార్లు.

"ఈ కాలంలో అన్నిటినీ ఐదుకే కొలుస్తున్నారు మాస్టారూ," అన్నాను నేను, గోడకేసి చూస్తూ. "ఐదంటే అన్నిటికంటే పైన. ఒకటంటే అడుగున."

ఆయన వేలు గాల్లో ఆగింది. "ఒకటి అడుగునా?"

"అవును."

నర్సు తల వంచుకుని టేపు కత్తిరిస్తోంది.

"చెప్పానా, మనవరాలిని ఒక్కమాట అడగండని. వింటేనా?" అంది మాస్టారి భార్య.

ఆయన కళ్లజోడు తీసి తుడుచుకున్నాడు. చాలాసేపు తుడుచుకున్నాడు. "అంటే ఇవి ర్యాంకులు కావు. మార్కులు. ఎంత పొరపాటు చేశానమ్మాయ్," అన్నాడు. ఆ గొంతు విని, గెలిచాం అనుకున్నాను. ఆయన నడుం నిటారుగా పెట్టి కళ్లజోడు తగిలించుకున్నాడు.

"అయితే ఇవాళైనా సరిగ్గా దిద్దాలి. శుభ్రతకు పేరు పెట్టడానికి లేదు. మంగళవారం కట్టు కాస్త బిగువైంది. ఇవాళ నాలుగు నిమిషాలు ఆలస్యం."

ఆ నాలుగు నిమిషాలూ నా మోకాళ్లవి. నేను ఫోనుకు వినబడకుండా, చెయ్యి ఎత్తి ఐదు వేళ్లూ చాపాను.

మాస్టారు నన్ను పైనుంచి కిందికి చూశాడు. "పరీక్ష హాల్లో కిటికీ బయట నిలబడి వేళ్లు చూపించేవాళ్లను చాలామందిని పట్టుకున్నానండీ. చెయ్యి దించండి."

"నలభై ఏళ్లుగా నా వంట తింటున్నారు అన్నయ్య గారూ, 'పరవాలేదు' దాటలేదు," అంది ఆయన భార్య. "ఆయన నూటికి నూరు అదే."

ఉద్యోగం సంగతి చెప్పేద్దామని నోరు తెరిచాను. నర్సు ఒక్కసారి తలెత్తి నా వైపు చూసి, తల అడ్డంగా ఆడించింది. బల్ల మీద ఎర్ర చుక్క అలాగే ఉంది. చెయ్యి దించేశాను.

"నూటికి నూరు ఎవరికీ వెయ్యకూడదు, అక్కడితో నేర్చుకోవడం ఆగిపోతుంది," అంటూ మాస్టారు వేలితో మెల్లగా లెక్కపెట్టుకుంటూ నొక్కాడు. "మూడు. ఐదుకు మూడంటే నూటికి అరవై. ఫస్టు క్లాసమ్మాయ్! నా చేతిలో ఫస్టు క్లాసు వచ్చినవాళ్లు పదకొండు మందే."

ఎర్ర చుక్క ఆరిపోయింది. ఇప్పుడు ఏం మాట్లాడినా వినేవాడు లేడు. నర్సు ఫోను ఒకసారి గుర్రుమంది. చదువుకుని, దాన్ని కత్తెర పక్కన పెట్టెలో పెట్టేసింది. ఆ ముసలాయన ముఖం మాత్రం వెలిగిపోతోంది. తప్పు దిద్దుకున్నానన్న వెలుగు.

"పుండు ఆరిపోవచ్చింది మాస్టారూ," అంది. "ఇంకో నాలుగు రోజులు నీళ్లు తగలనివ్వకండి."

"వచ్చేసారి కూడా నువ్వే రా," అన్నాడాయన.

ఆవిడ పెట్టె మూత నొక్కింది.

రెండో అంతస్తు మెట్ల మీద ఉండగా ఫోను మళ్లీ గుర్రుమంది. ఈసారి నాకు చూపించింది. మీ అటెండెంటు సేవ ముగిసింది, అటెండెంటు మీ ఇంటి నుంచి బయలుదేరారు. ఆవిడ నిలబడిపోయి ఫోను చేసింది. అవతలి గొంతు మెట్ల మధ్య నాకూ వినబడింది.

"నాకు వేరే బుకింగ్ పడిందక్కా. పోకపోతే నా పేరు పోతుంది. తలుపు దగ్గరికి వేసొచ్చాను."

"అమ్మకి మంచినీళ్లు?"

"గ్లాసు మంచం పక్కనే పెట్టాను."

"ఏ పక్కన?"

ఫోను పెట్టేసినట్టుంది.

నర్సు మెట్లు దిగింది. పరుగు కాదు, పరుగంటే ఇంకా కొంచెం ఆశ ఉంటుంది. నేను కమ్మీ పట్టుకుని ఒక్కో మెట్టూ దిగి వీధిలోకి వచ్చేసరికి ఆవిడ రోడ్డు దాటేసింది. ఆటో ఒకటి పక్కకొచ్చి హారను కొట్టింది, వినిపించుకోలేదు. వస్తానని అనలేదు, తల తిప్పలేదు. మందుల షాపు మలుపు దగ్గర నీలం పెట్టె ఒక్కసారి కనబడి, జనంలో కలిసిపోయింది.