పిలవని ఇల్లు

మొన్న విశాఖపట్నం నుంచి మా మనవరాలు ఫోను చేసి, ఆదివారం పొద్దుట్నుంచీ ఎవరితోనూ ఒక్క మాటయినా మాట్లాడలేదు తాతా, నా గొంతు నాకే కొత్తగా ఉంది అంది. ఉద్యోగముంది, చుట్టూ అంత ఊరుంది, ఏం లోటే నీకు అని కసరబోయి నోరు మూసుకున్నాను, మా మేనత్త కొడుకు గుర్తొచ్చి.

తల్లి పోయాక మా ఇంట్లోనే పెరిగాడు బావ. పందొమ్మిదివందల యాభైల్లో ఇద్దరం చోడవరంలో బస్సెక్కి విశాఖలో ఓడరేవు పనికి వెళ్లాం. అప్పుడా పట్నం నిన్న చూసిన దిబ్బ ఇవాళ కనపడనంత వేగంగా పెరుగుతుండేది. నాది రాత్రి డ్యూటీ, బావది పగలు. ఒకే గదిలో ఉండీ మాట్లాడుకునే వీలుండేది కాదు. నేను మొండివాణ్ణి, తిని పడుకునేవాణ్ణి. బావ అలాక్కాదు, మాట లేకపోతే అన్నం సయించని మనిషి. మన చోడవరంలో, మీకు తెలియందేముంది, సాయంత్రమైతే ఎవరి అరుగు మీద ఎవరైనా కూర్చోవచ్చు, ఆ ఇంటి ముసలమ్మ ఓ చెరుకు ముక్క చేతిలో పెట్టి సంగతులన్నీ అడిగి గానీ వదిలేది కాదు. ఇక్కడ అలాంటి మనిషి ఒక్కరు దొరికితే చాలురా, ఉండిపోతాను అనేవాడు బావ.

ఓ సాయంత్రం పాపం, కొత్త వీధిలో ఎవరింటి మెట్ల మీదో వెళ్లి కూర్చున్నాడు. ఇంటాయన బయటికొచ్చి ఎవరు కావాలని గద్దిస్తే, మా పిచ్చి మారాజు నవ్వుతూ, "ఎవరూ వద్దు బాబూ, ఊరికినే వచ్చేను. మీదే ఊరు?" అన్నాడట. దొంగ అన్నారు. వీధి వీధంతా పోగయి, చొక్కా చింపి తరిమారు. ఆ ఊళ్లో బావ కోసం అంతమంది గుమ్మం దిగి రావడం అదే మొదలు, అదే ఆఖరు.

"ఏ ఊరని అడిగేనురా, అంతే. దొంగంటారేటి?" అన్నాడు గదికొచ్చి. ఆ తర్వాత ఏ సంగతీ ఎత్తలేదు. నేను ఊరికి తిరిగొచ్చేస్తూ, ఇంటికి పోదాం రా బావా అని బతిమాలినా రాలేదు, పెళ్లీ చేసుకోలేదు.

చాలా ఏళ్లకి మా నాన్న పోయినప్పుడు చోడవరం వచ్చాడు. తలుపులు బార్లా తీసి ఉన్నాయి, ఇంటినిండా జనం. బావ మాత్రం వీధిలో ఎండలో నిలబడి, ఎవరైనా రమ్మంటారేమోనని చూస్తున్నాడు. అమ్మ ఏడుస్తూనే లేచి వెళ్లి, "ఒరే, నీ ఇంటికి నువ్వు రాడానికి సెప్పాలేటిరా!" అని చెయ్యి పట్టుకు లాక్కొచ్చింది. వచ్చాడు గానీ గోడవారన నిలబడే ఉన్నాడు, కూర్చోమని ఎవరూ అనలేదు మరి.

ఇప్పుడు బావా లేడు, అమ్మా లేదు. చోడవరంలోనూ అందరం బావలాగే అయిపోయాం, పిలిస్తే గానీ ఎవరింటికీ వెళ్లం. పిలిచేవాళ్లేమో ఒక్కొక్కరే వెళ్లిపోయారు.