మునెమ్మక్క వేసిన జాయింటు

చెప్పవలసిన ఒక మాట నేను చెప్పవలసినప్పుడు చెప్పలేదు. ఫైబర్ కేబుల్ కొస తుడవడానికి స్పిరిట్ సీసా మూత తీస్తే చాలు, ఆ ఘాటుకు ఇప్పటికీ మనసు చురుక్కుమంటుంది. పూతలపట్టులో ఆ మధ్యాహ్నం నేను నిజం చెప్పి ఉంటే మునెమ్మక్క చేతిలోంచి జాయింటు మిషన్ పోయేది కాదు.

మా కేబుల్ ముఠాకు ఆమె పెద్ద. వెంట్రుకంత సన్నని గాజుపోగులను అతికించేది ఆమే, నాకు పని నేర్పిందీ ఆమే. తిరుపతి కొసన లైట్ సోర్స్ పెట్టి వెలుగు పంపడం, ఇవతలి కొసన పవర్ మీటర్‌తో ఎంత చేరిందో చూడడం, ఇదీ పరీక్ష. దారిలో వెలుగు తగ్గడమేమిటో నాకు మొదట్లో బోధపడలేదు.

"తిరప్తిలో లడ్లు కట్టించుకోని బస్సెక్కినావు. ఈడ దిగేలోపల నీ కడుపులోకి ఎన్ని పోయినాయి? అదేనప్పా లాసు!" అంది. రోడ్డు పక్కన కూర్చున్న అందరం పగలబడి నవ్వాం. జాయింటు బాగా కుదిరితే ఆమె మిషన్‌కు మెటికలు విరిచి దిష్టి తీసేది. ఎండలో కూడా ఆమె పక్కన పని పండుగలాగే ఉండేది.

అయితే ఆమె కళ్లజోడు పెట్టుకున్నప్పటి నుంచి ఇంజనీరు గారికి ఆమె చూపు మీద అనుమానం. ఆ రోజు ఆమె దారి మధ్యలో జాయింటు దగ్గర ఉంది, నేను పూతలపట్టులో మీటరు దగ్గర. ఎవరో కొండ ప్రసాదం పెట్టారు. ప్రసాదం తిన్న చేతిని గుడ్డకు తుడవకూడదు, తలకు రాసుకోవాలని మా ఇంటి అలవాటు. నెయ్యికి తలనూనె కలిసిన ఆ వేళ్లతోనే కేబుల్ కొస పట్టుకుని మీటరులో పెట్టాను. వెలుగు అంతంత మాత్రమే చేరింది. జాయింటు చెడిందని ఇంజనీరు గారు తేల్చేశారు.

జాయింటు చెడిందట అని అక్కకు ఫోన్ చేశాను. "నా జాయింటా? మీటరు కాడ కొస తుడిసినావా అబ్బయ్యా?" అంది.

"తుడిసినానక్కా."

ఆమె జాయింటు కోసి మళ్లీ అతికించింది. ఈలోగా కొస తీసి చూస్తే జిడ్డు మరక. గబగబా స్పిరిట్‌తో తుడిచి పెట్టాను. మీటరులో అంకె చక్కబడింది.

"ఇప్పుడెట్లుండాది?"

"ఇప్పుడు బాగుండాదక్కా."

ఆ ఒక్క మాటతో తప్పు ఆమెదయింది. మిషన్ నాకొచ్చింది, ఆమెను కేబుల్ లాగే పనికి పంపారు. మిషన్ అప్పగిస్తూ ఆమె నాకే మెటికలు విరిచింది. "మనోడికే గదా పోయింది!"

ఈనాటికీ ఎవరైనా అంకె తక్కువ చూపిందంటే, జాయింటును అనేముందు నా చేతులు చూసుకుంటాను. పోయిన వారం కార్వేటినగరంలో ఆమె ఇంటికి వెళ్లి అంతా చెప్పాను. ఆమె కొంగు నోటికి అడ్డం పెట్టుకుని కళ్లనీళ్లు వచ్చేదాకా నవ్వింది.

"అందుకా! నా కండ్లు పోయినాయనుకోని నేను ఆస్పత్రుల చుట్టూ తిరిగినాను గదరా! నాకు గాదు, ఆయప్పకు చెప్పు. నా ముందరే చెప్పు."

ఇంజనీరు గారికి ఫోన్ కలిపి, ఆమెకూ వినిపించేలా స్పీకర్ పెట్టాను.

"సార్, పూతలపట్టు లైనులో అక్క మొదట వేసిన జాయింటే బాగుంది. జిడ్డు చేత్తో కొస పట్టుకున్నది నేను, తుడిచానని అబద్ధం చెప్పిందీ నేనే. అక్కా, తప్పయిపోయింది. నన్ను క్షమించు."