ఇక్కడ యాభైమంది పడుకోవచ్చు

కెనడాలోని మిస్సిసాగాలో ఆ పెద్దాయనకి ‘అద్దెల డాక్టర్’ అని పేరు. పెట్టింది నేనే. అది తప్పు.

కొత్తగా దిగిన స్టూడెంట్లు రూముల కోసం ఊరంతా తిరుగుతున్న రోజులవి. మేం కొందరం కలిసి వియత్నాం టూర్ వెళ్ళాం. హ్యూ నగరంలోని పాత రాజకోటలో గైడమ్మాయి సింహాసనం హాలు చూపిస్తుంటే, ఇంట్లో స్టూడెంట్లని పెట్టుకునే ఈ రిటైర్డ్ డాక్టర్ గారు దాన్ని అడుగులతో కొలిచి, "ఇక్కడ యాభైమంది పడుకోవచ్చు" అన్నారు. రాజమాత మందిరం దగ్గర, "బాత్‌రూం ఒక్కటేనా అమ్మా?" అని గైడ్‌ని అడిగారు.

"అంకుల్, కోటని కూడా అద్దెకిచ్చేస్తారా?" అన్నాను. అందరూ పగలబడి నవ్వారు. తిరిగొచ్చాక ప్రతి పార్టీలోనూ ఈ కథే చెప్పాను, చివరి ముక్క మాత్రం వదిలేసి.

మేం ఇంకా నవ్వుతుండగానే ఆయనకి టొరంటో ఎయిర్‌పోర్ట్ నుంచి ఎవరో స్టూడెంట్ ఫోన్ చేశాడు. "తాళం పక్కింటి ఆంటీ దగ్గరుంది నాన్నా. కింద బేస్‌మెంట్‌లో చోటు లేకపోతే నా మంచం మీద పడుకో. అద్దేంట్రా? ముందు రూమ్ దొరకనీ!" అన్నారు.

ఫోన్ పెట్టేసి నావైపు తిరిగారు. "మిల్టన్‌లో మీ ఇంటి బేస్‌మెంట్ ఖాళీయేగా?"

"సామాన్లున్నాయి అంకుల్."

ఆయన తలూపి, పక్క మందిరం కొలవడానికి వెళ్ళారు.