ఖాళీ గుడారంలో కాఫీ దంచిన చప్పుడు

కరోనా సద్దుమణిగిన ఏడాది. రియాద్‌లో సులై ప్రాంతంలోని గోదాములు దాటాక మొదలయ్యే ఎడారిలో నేను షావెల్ నడిపేవాణ్ణి. ముందున్న పెద్ద బకెట్‌తో మట్టి తోసే యంత్రమది. మా కాంట్రాక్టరు బలదియాకు, అంటే అక్కడి మునిసిపాలిటీకి, పనులు చేసేవాడు.

ఆ నేలలో బదూలనే ఎడారి తెగకు చెందిన ఒక కుటుంబం తాతలనాటి నుంచి గుడారాలు వేసుకుని మేకలు మేపుకుంటోంది. సర్కారు భూమి, రోడ్డు వేయాలంటుంది బలదియా. మా నేలంటారు వాళ్లు. చాన్నాళ్లు తగువు నడిచాక, పోలీసులొచ్చి ఆ కుటుంబాన్ని నగరంలోకి తరలించారు. మర్నాడు పొద్దున, కూలిన నల్లగుడారాన్ని తోసేయమని నన్ను పంపారు.

ఆ రోజు ధూళి కమ్మి, ఎదుటి మనిషే మసకగా కనిపిస్తున్నాడు. "అంతా ఖాళీ, కానిచ్చెయ్," అన్నాడు బలదియా ఇన్‌స్పెక్టర్. కేబిన్‌లో ఇంజిన్ మోత తప్ప ఏదీ వినపడదు కనుక, ఫ్లాగ్‌మ్యాన్ కింద నిలబడి సైగలు చేస్తాడు. మా ఫ్లాగ్‌మ్యాన్ మల్లేశ్‌ది సిరిసిల్ల. బకెట్ దించబోతుంటే అతను రెండు చేతులూ పైకెత్తాడు.

"ఇంజన్ బంద్ చెయ్యన్నా. లోపల ఎవలో దంచుతున్నరు."

ఆపాను. టంగ్... టంగ్. ఇత్తడి రోట్లో రోకలి పడుతున్న చప్పుడు. అతిథులొస్తే బదూలు అలా మోగేలా కాఫీ గింజలు దంచుతారు. ఇన్‌స్పెక్టర్ కూడా విన్నాడు.

మేం గుడారం గుడ్డ పట్టుకుని ఎత్తేసరికి చప్పుడు ఆగిపోయింది. లోపల ఒక ముసలామె ముడుచుకుని కూర్చుని ఉంది. ఎవరికీ చెప్పకుండా నడిచి తిరిగొచ్చేసిందట. ఆమె చుట్టూ ఇసుకే. రోలు లేదు, రోకలి లేదు.

"దంచింది నువ్వేనా అమ్మా?" నాకొచ్చిన అరబ్బీలో అడిగాను.

"నేనెందుకు దంచుతాను? అది మగవాళ్ల పని. అతిథులొచ్చారని మా ఆయన దంచాడు," అంది మామూలుగా.

కబురందుకుని కొడుకు వచ్చాడు. తల్లిని కారులో కూర్చోబెట్టి, మా దగ్గరికొచ్చి మెల్లగా చెప్పాడు. "నాన్న పోయి చాలా ఏళ్లయింది. ఆ రోలు నిన్ననే సామాన్లతో తీసుకెళ్లాం. ఇప్పుడు నా ఇంట్లో ఉంది."

మల్లేశ్ నా చెయ్యి పట్టుకున్నాడు. "మనం ఇన్నది నిజమే గదన్నా?"

"నిజమే," అన్నాను.

ఆ పూటకి పని ఆపేశారు. కానీ ఆ నేల కోసం వాళ్లు పెట్టుకున్న అర్జీ నెగ్గలేదు. కొన్నాళ్లకు ఆ చోటును నేనే చదును చేయాల్సి వచ్చింది.

యంత్రం కదిలించే ముందు చుట్టూ తిరిగి చూడటాన్ని మా పనిలో వాక్ అరౌండ్ అంటారు. అదివరకు టైర్లూ ఆయిలూ చూసి ఎక్కేసేవాణ్ణి. ఖాళీ అని ఎవరు చెప్పినా, తోసేయబోయే నేలంతా నడిచి, నిలబడి వినాలని ఆ ముసలామె వల్లే నేర్చుకున్నాను. ఆ చోటును చదును చేసిన రోజూ అలాగే విన్నాను. చాలాసేపు నిలబడ్డా ఏ చప్పుడూ రాలేదు. ఆమెను కొడుకు తీసుకెళ్లాడు. మరి కాఫీ దంచిన ఆమె భర్త ఎటు వెళ్లాడో తెలియదు. కేబిన్ ఎక్కి బకెట్ దించాను.