మూసుకున్న నాలుగో అంచు

అన్నూరు శివార్లలో గంగిరెద్దులవాళ్ళు గుడారాలు వేసుకున్న చోట మూడు రోజులు చిత్రీకరణ చేశాను. ముప్పై ఏళ్లుగా డాక్యుమెంటరీలు తీస్తున్నాను. ప్రతి రోజూ ఏం తీశానో, ఎన్ని నిమిషాలు తీశానో పత్రంలో గడులు గీసి రాసుకుంటాను. కనుక ఇక్కడా కొలతలతోనే మొదలుపెడతాను.

ఎద్దు వీపున కప్పే బొంత పొడవు ఏడడుగులు, వెడల్పు ఐదు. అతుకులు నూట పద్నాలుగు. ఒక్కొక్కటీ ఒక్కో ఇంట్లో ఇచ్చిన పాతబట్ట. వాటిని కుట్టే ముసలామె పద్ధతి కోసమే అక్కడికి వెళ్ళాను. బట్ట ఇచ్చిన మనిషి బతికున్నంతకాలం అతుకును మూడు వైపులే కుడుతుంది. ఆ మనిషి పోయినట్టు తెలిశాక నాలుగో అంచునూ కుట్టేస్తుంది. అన్నిటికీ ఎర్రదారమే. ఎద్దు నడుస్తుంటే కొన్ని అతుకులు రెపరెపలాడతాయి, మిగిలినవి కదలవు.

మొదటి రోజు తెరిచి ఉన్నవి నలభై ఒకటి. వాటిలో ఒక పచ్చ చీరముక్కను గుర్తుపట్టాను. బోడినాయకనూరులో ఉండే మా అక్క చీర అది. ఆమె మా ఇంట్లో మరిచిపోయి వెళ్ళింది. రెండేళ్ల కిందట ఈ ముసలామె మా వాకిట్లోకి వస్తే, దాన్ని తీసి ఇచ్చింది నేనే.

రెండో రోజు బొంతను తాడు మీద ఆరవేశారు. పది గంటల పన్నెండు నిమిషాలకు కెమెరా నిలబెట్టి, ఆపకుండా నలభై నిమిషాలు తీశాను. ముసలామె నా పక్కనే కూర్చుని మువ్వల పట్టీ అల్లుతోంది. గాలి లేదు. అయ్యాక తెరిచి ఉన్న అంచులు లెక్కపెట్టాను: నలభై. మళ్ళీ లెక్కపెట్టాను. నలభై. పచ్చముక్క నాలుగో అంచు నల్లదారంతో మూసి ఉంది.

తీసినదాన్ని వెనక్కి తిప్పి, పెద్దది చేసి చూశాను. పదిహేడో నిమిషంలో అంచు తెరిచే ఉంది. పద్దెనిమిదో నిమిషంలో మూసి ఉంది. నడుమ ఏ చెయ్యీ అటు రాలేదు.

అక్కకు ఫోన్ చేశాను. నాలుగుసార్లు మోగింది.

"ఏమిరా, ఈ నేరంలో? పనివేళ గదరా?"

"బాగుండావా అక్కా?"

"చావలేదురా. ఏలక్కాయలు ఏరతా ఉండాను. నువ్వు సాపాటు చేసినావా?"

ఊపిరి పీల్చుకుని ముసలామె వైపు తిరిగాను. "మీ లెక్క తప్పింది. మా అక్క నిక్షేపంగా ఉంది."

ఆమె దారం కొరికి నవ్వింది. "మీ అక్క సంగతి ఎవురడిగిరి సామీ? అతుకు చీర కట్టినోళ్ళది గాదు, ఇచ్చినోళ్ళది."

"మరి మూసిందెవరు?"

"నేను కుట్టలే. నా సంచి చూసుకో, నల్లదారం ఉందా?"

చూశాను. ఎర్రదారం కండెలు ఐదు, నల్లది లేదు.

"విప్పొచ్చా?"

"ఇంతవరకూ ఎవురూ అడగలే," అంటూ బ్లేడు నా చేతికిచ్చింది. "నీదే గదా, నువ్వే విప్పుకో."

కుట్లు పందొమ్మిది. పందొమ్మిదీ కోశాను. గాలి ఇంకా లేదు. అయినా ఆ అంచు రెండుసార్లు లేచి పడింది.

మూడో రోజు బొంతను ఎద్దుకు కప్పి ఊళ్ళోకి నడిపించారు. ఆనాటి పత్రంలో అన్ని గడులూ నింపాను, ఒక్కటి తప్ప. తెరిచి ఉన్న అంచులెన్నో లెక్కపెట్టలేదు. నడిచినంతసేపూ కెమెరాను ఎద్దు కొమ్ముల మీదనుంచి బొంత వైపు దించలేదు.